అట్టతలుపు

విన్నిపెగ్‌లో ఆ చలికాలం
ఉమ్మితే నేలకు చేరేలోపే గవ్వయ్యేది.
కేబుల్ ఆఫీసు నేలమాళిగలో
బాయిలర్ పక్కన మా స్టూడియో.
మంగళవారం రాత్రి పదకొండున్నరకి
ఎవరికీ అక్కర్లేని అరగంట ఒకటి మిగిలిందని
మాకు దానమిచ్చారు.

వారానికి పద్దెనిమిది డాలర్లు.
పదకొండు కాఫీకి.
మిగిలిన ఏడింటితో ప్రపంచాన్ని కట్టాలి.

ఒరెస్ట్ పగలు సిటీ బస్సు నడిపేవాడు,
రాత్రి మాకు రాజు, నర్సు, ఆవు, పోస్టాఫీసు.
థోరా పళ్ల డాక్టరు దగ్గర గుమాస్తా.
అపాయింట్‌మెంటు చీటీల వెనక స్క్రిప్టులు రాసేది,
అందుకే మా జోకులు మూడు వాక్యాలు దాటవు.
చీటీ తిరగబడితే
'కింది దవడ, ఎడమవైపు, ఖాళీ కడుపుతో రావాలి' అని ఉండేది.
ఒరెస్ట్ అదీ చదివేవాడు,
రాజుగారి గొంతుతో.

నేను మైకు పట్టుకునేవాణ్ణి,
పాత హాకీ కర్రకి టేపు చుట్టి కట్టిన మైకు.
దాని నీడ ప్రతి సీన్లోనూ పడేది.
ఎంత జరిగినా పడేది.
విసుగెత్తి థోరా చివర్లో పేర్లు వేసేటప్పుడు
'మామయ్య పాత్రలో: నీడ' అని చేర్చింది.

ఫ్రిజ్ లోపలి వాతావరణ వార్తలు చదివాం:
పాల సీసాకి తూర్పున మబ్బులు,
గుడ్ల అర మీద రాత్రికి తేలికపాటి మంచు.
క్యాబేజీకి బ్యాంకు లోను ఇంటర్వ్యూ చేశాం.
వడ్డీ మాట ఎత్తగానే
దాని ఆకు ఒకటి దానంతటదే రాలింది.
స్క్రిప్టులో లేదు.
ఆ ఏడాది మా అందరిలోకీ గొప్ప నటన అదే.

ఇక తలుపు.
ఫ్రిజ్ వచ్చిన అట్టపెట్టెను కోసి
మైనపు రంగుతో పిడి గీశాం.
ఒరెస్ట్ బట్టలు మార్చుకునే తీరికలేక
బస్సు యూనిఫాంలోనే వచ్చి తట్టాడు.
'ఎవరండీ లోపల?'
నెట్టాడు. మళ్లీ తట్టాడు.
మూడు నిమిషాలు, అంతే స్కెచ్చి.
ఎవరు తెరుస్తారు?
తెరవాల్సినవాళ్లం మేమే,
తలుపు పడిపోకుండా వెనక పట్టుకున్నదీ మేమే.

మరుసటి వారం మళ్లీ వచ్చాడు.
ఆ పై వారం టోపీ తీసి, తల దువ్వుకుని వచ్చాడు.
అలా తొమ్మిది వారాలు.
చూసేవాళ్లున్నారో లేదో
బాయిలర్‌కే తెలియాలి.

తొమ్మిదో వారం ఫోను మోగింది.
అది ఉత్తుత్తి ఫోనని అప్పటిదాకా నమ్మాం.
సెల్కర్క్ అవెన్యూ నుంచి ఒక పెద్దావిడ,
నవ్వడంలేదు, తొందరలో ఉంది.
'ఆ అబ్బాయికి చెప్పండి నాయనా,
నెట్టొద్దని. లాగమనండి.'
పెట్టేసింది.

ఒరెస్ట్ ఆ రాత్రి కాఫీ తాగలేదు.

పదో వారం లాగాడు.
గీసిన పిడి చేతికి రాదు గదా,
అంచు పట్టుకుని లాగాడు.
తలుపు తలుపంతా ఊడి అతని చంకలోకొచ్చింది.
వెనక మేం:
రొట్టె కొరుకుతూ థోరా,
హాకీ కర్రతో నేను,
మేకుకి వేలాడుతూ ముగ్గురి కోట్లు.
మమ్మల్ని చాలాసేపు చూశాడు.
పది వారాలుగా వెతుకుతున్నవాడిలాగే చూశాడు.
'క్షమించండి, ఇల్లు తప్పాను' అని
తలుపు తెచ్చి జాగ్రత్తగా
మా ముఖాలకి అడ్డం పెట్టి వెళ్లిపోయాడు.

ఏప్రిల్లో కర్లింగ్ పోటీలొచ్చాయి.
మా అరగంట మంచురాళ్లకిచ్చేశారు.

మాకున్నది ఒకే టేపు.
ప్రతివారం పోయినవారం మీదే రికార్డు చేసేవాళ్లం.
మా మీద వాళ్లూ చేశారు.
చాలా ఏళ్లకి ఆ టేపు అడిగి తెచ్చుకుని
ఫైనల్ మొత్తం చూశాను,
మోర్డెన్ జట్టు గెలిచింది,
చప్పట్లు, కప్పు, ఎవరిదో ఉపన్యాసం.
తర్వాత తెరంతా చీమలు.
చీమల్లోంచి
టక్.
టక్.

అట్ట మోగదు.
ఆ చప్పుడు నాది,
బాయిలర్ గొట్టం మీద బూటు మడమతో కొట్టింది.
తెలుసు.
తెలిసీ లేచి వెళ్లి
మా వీధి తలుపు లాగాను.

రాలేదు.
మాది నెట్టే తలుపు.